ప్రార్థన వీరుడి వేషం

మొన్న ఆదివారం సైబర్‌జయలో మా మనవరాలి ఇంట్లో భోజనాలయ్యాక, ఆ పిల్ల నా పక్కన సోఫాలో చేరి, ఫోను చూస్తూ పొట్ట పట్టుకొని నవ్వడం మొదలుపెట్టింది. ఏమిటా అని తొంగి చూస్తే, కుస్తీ ప్రదర్శనల్లో బోర్లా పడిన వేషాలన్నీ ఎవరో ఏరి కూర్చి పెట్టిన వీడియో. ఒకడికి ఒళ్ళంతా ఈకలు, ఒకడికి వెనకాల తోక, ఇంకొకడు మంచుమనిషిలా పత్తి అంటించుకొని వచ్చి చెమటకు తడిసి ముద్దైపోయాడు. "తాతా, ఈళ్ళకి ఇలాటివి సెప్పినోళ్ళెవరు లా? బుర్ర లేదేటి?" అంది, తనకు వచ్చిన నాలుగు తెలుగు ముక్కల్లో, ఇక్కడి మలయ్ మాటల్లోని 'లా' ఒకటి తగిలించి. నేను కూడా ఒకటి రెండు సార్లు నవ్వాను. తరవాత చెవులు వేడెక్కి, టీ పెట్టుకుంటానని వంటింట్లోకి వెళ్ళిపోయాను. చెప్పినవాళ్ళలో మీ తాత కూడా ఒకడే తల్లీ అని ఆ పిల్లతో ఎలా అనను? నా వయసువాళ్ళు మీరైతే అర్థం చేసుకుంటారు, లేదా కనీసం చీవాట్లు పెట్టి ఊరుకుంటారు. అందుకే మీతో చెప్పుకుంటున్నాను.

మన చిన్నప్పుడు ఇంటింటికీ టీవీ లేని రోజుల్లో, ఊళ్ళమీద పడి తిరిగే కుస్తీ బృందాలు ఉండేవి, మీలో కొందరికైనా గుర్తుండే ఉంటుంది. మా తౌకే, అంటే మా యజమాని, ఒక చీనా పెద్దమనిషి. ఆయనకో పాత లారీ, నాలుగు ఇనుప స్తంభాలు, మోకులు, చెక్కలు, ఆ చెక్కల మీద పరిచే మందపాటి టార్పాలిను, ఎనిమిదిమంది మల్లులు. నేను జార్జ్ టౌన్‌లో దుకాణాలకు బోర్డులు రాసే పనిలో ఉండి, ఆయనకు పోస్టర్లు రాయబోయి, మెల్లగా మైకు పట్టుకొని మల్లుల పేర్లు అరిచేవాణ్ణై, చివరికి ఆ మల్లులకు వేషాలు కల్పించేవాణ్ణయ్యాను. ఉత్తి బలవంతుల్ని చూసి జనానికి విసుగొచ్చింది, ఒక్కొక్కడికీ ఒక కథ ఉండాలి అనేవాడు తౌకే. కథలైతే నా దగ్గర బోలెడు. అప్పుడు నాకు ఇరవై రెండేళ్ళు, ప్రపంచంలో నాకు తెలియనిది లేదనుకునే వయసు.

అబ్బో, ఏం వేషాలవి! పాత రబ్బరు చెప్పుల్ని ముళ్ళలా కోసి బనియనుకు కుట్టించి ఒకణ్ణి ముళ్ళ దురియన్ పండు వీరుణ్ణి చేశాను. ఎదుటివాడు వాణ్ణి పట్టుకోలేక, వీడు వంగలేక, ఇద్దరూ పెళ్ళిపందిట్లో తప్పిపోయిన చుట్టాల్లా రింగు చుట్టూ తిరుగుతుంటే, పండు కొయ్యండి, పండు కొయ్యండి అని జనం కేకలు. ఇంకొకడికి మొసలి తోక కట్టించి ఒక ఏటి ఒడ్డు ఊళ్ళో దింపితే, అక్కడి జాలర్లు అది మొసలి కాదు ఉడుమని తేల్చి చెప్పి, అసలు మొసలి నడక ఎలా ఉంటుందో రింగులోకి ఎక్కి మరీ చూపించారు. పళ్ళ డాక్టరు వేషం మరీ ఘోరం: తెల్లకోటూ చేతిలో పటకారూ చూసి ముందు వరసలో పిల్లలు గుక్కపట్టి ఏడ్చారు, తల్లులు లేచి వెళ్ళిపోయారు. ఇవన్నీ తలుచుకుంటే ఈనాటికీ నవ్వొస్తుంది. నవ్వు రానిది ఒకటుంది. దాని దగ్గరికి వద్దామంటేనే చెయ్యి ఆగిపోతోంది, అందుకే దురియన్లూ మొసళ్ళూ అని తాత్సారం చేస్తున్నాను.

ముందు మా నాన్న గురించి చెప్పాలి. తోటపనికి సముద్రం దాటి ఈ దేశం వచ్చినవాళ్ళ కొడుకు ఆయన. హుటాన్ మెలింటాంగ్‌కు బస్సులో ముప్పావుగంట దూరంలో ఒక కొబ్బరితోట మాది. మాదంటే మా నాన్న పనిచేసిన తోట. నేలలో పాతిన ఇనుప మొనమీద కాయను గుచ్చి, ఒక్క తిప్పు తిప్పి పీచు ఊడదీయడం ఆయన పని. పొద్దుటినుంచి మధ్యాహ్నం దాకా అదే పని చేసి, సాయంత్రం స్నానం చేసి, తెల్ల తువ్వాలు తలకు చుట్టుకొని, కూలీల వరస ఇళ్ళలో, మా లైను ఇంట్లో, చాప మీద మా అమ్మనూ నన్నూ మా చెల్లినీ కూర్చోబెట్టి కుటుంబ ప్రార్థన చేసేవాడు. అదేమన్నా ఒక నిమిషం రెండు నిమిషాల ప్రార్థనా! తలకున్న తువ్వాలు తీసి, మోకాళ్ళ మీద కూర్చొని, "తండ్రీ, తండ్రీ, తండ్రీ" అని మూడుసార్లు పిలిచి మొదలుపెట్టేవాడు. అమ్మ మోకాలినొప్పి, తోట గుమస్తాగారి బిడ్డ జ్వరం, పాలివ్వని ఆవు, సముద్రం మీదికి పోయిన పడవలు, కారే పైకప్పు, ఒకటేమిటి, అన్నీ పేరుపేరునా దేవుడికి అప్పజెప్పేవాడు. మధ్యలో గొంతు వణికేది, ఏడ్చేవాడు, ఏడ్చి అదే తువ్వాలుతో ముక్కు చీదేవాడు, మళ్ళీ మొదలు. ఎక్కడైనా సరే, ఎవరి నోటినుంచైనా సరే, ప్రార్థన వినబడితే తలగుడ్డ తీసి, కళ్ళు మూసుకొని, ఆమెన్ అనేదాకా కదలకూడదని ఆయన నియమం. ఒకసారి అన్నం మాడిపోతున్న వాసన ఇల్లంతా కమ్మినా అమ్మను లేవనివ్వలేదు. ఆ పూట మేం మాడుఅన్నమే తిన్నాం.

లైనులో మా చుట్టూ ఉన్నవాళ్ళలో తమిళులే ఎక్కువ. ఆ పిల్లలు మా కిటికీ కింద చేరి మా నాన్నలా "తండ్రీ, తండ్రీ" అని దీర్ఘాలు తీస్తూ ముక్కులు చీదేవాళ్ళు. చిన్న పిల్లలు, వాళ్ళదేం తప్పు? నాకు మాత్రం సిగ్గుతో ప్రాణం చచ్చిపోయేది. నాన్న మీదే కోపం వచ్చేది: ఇంకాస్త మెల్లగా చేసుకోరాదా, ఆ ఏడుపు ఆపుకోరాదా అని. పద్దెనిమిది నిండగానే జార్జ్ టౌన్‌కు పారిపోయినట్టుగా వెళ్ళిపోవడానికి పని ఒక కారణమైతే, నిజం చెప్పాలంటే ఆ చాప ఇంకొక కారణం. ఎప్పుడైనా పండక్కి వెళితే ఆ ప్రార్థన చివర ఒక కొత్త ముక్క వినబడేది. "నా పెద్దోడు పట్నంలో ఉన్నాడు తండ్రీ. ఆడు మంచోడే, దారి మర్సిపోనాడు. ఆడి సెయ్యి మాత్రం నువ్వు ఒగ్గీకు." నేను పక్కనే ఉండగా కూడా, వాడి చెయ్యి వదిలేయకు అని అలాగే దేవుణ్ణి అడిగేవాడు. రోజూ ఇంతే, ఒక్క రోజు కూడా తప్పడు అనేది అమ్మ, అదేదో నాకు సంతోషం కలిగించే విషయమైనట్టు.

ఇక ఆ వేషం సంగతి. మా బృందంలో జార్జ్ టౌన్ కుర్రాడు ఒకడుండేవాడు, గోదాముల్లో బస్తాలు మోసి మోసి రాయిలా తయారైన మనిషి, నాకు మంచి స్నేహితుడు. వాడి అమ్మవైపువాళ్ళు ఎప్పుడో తెలుగువాళ్ళు, నాన్నవైపు తమిళులు. ఇంట్లో మాట్లాడేది తమిళమే, వాడికి తెలుగు ముక్క రాదు. నుదుట విభూతి లేకుండా రింగులోకి దిగేవాడు కాదు. వాడికి ఏ వేషం వేసినా అతకడం లేదు, తౌకే వాణ్ణి పంపించేస్తానంటున్నాడు. ఒక మధ్యాహ్నం లారీ నీడలో కూర్చొని ఉండగా, ఎందుకు తోచిందో, వాణ్ణి నవ్వించడానికని మా నాన్నలా ప్రార్థన చేసి చూపించాను. తువ్వాలు తీయడం, మూడుసార్లు పిలవడం, ఏడుపు, ముక్కు చీదడం, అన్నీ. తౌకే లారీలోంచి దిగి వచ్చి ఇంకోసారి చెయ్యమన్నాడు. ఆ సాయంత్రానికల్లా ప్రార్థన వీరుడు పుట్టాడు. దెబ్బలు తినే సమయానికి మోకాళ్ళమీద పడి కన్నీళ్ళు పెట్టుకొని ప్రార్థన చేస్తాడు, ఎదుటివాడు జాలిపడి దగ్గరికి రాగానే ఆమెన్ అంటూ లేచి గుప్పెడు పౌడరు కళ్ళల్లో కొడతాడు. అదీ వేషం.

మాటలన్నీ నేనే వాడికి ఒక్కొక్కటిగా నేర్పించాను. మోకాలినొప్పి, ఆవు, పడవలు, పైకప్పు. చివరికి ఆ పెద్దకొడుకు ముక్క కూడా. గొంతు అక్కడే బాగా వణుకుతుంది, అక్కడే బాగా నవ్వొస్తుంది అని చెప్పి పదేసిసార్లు అనిపించాను. ఇవన్నీ ఎవరివైనా నిజం ప్రార్థనలా, ఏమైనా తప్పా అని వాడు తమిళంలో ఒకటికి రెండుసార్లు అడిగాడు. నేనే కల్పించాను, ఎవరివీ కావు అన్నాను. పచ్చి అబద్ధం, కళ్ళార్పకుండా ఆడాను. జార్జ్ టౌన్‌లో మొదటి రెండు ప్రదర్శనల్లో జనం బాగానే నవ్వారు. ఆ భాష తెలిసినవాళ్ళు అక్కడ ఎవరూ లేరు, గొంతునీ తువ్వాలునీ చూసి నవ్వారు. తౌకే నా భుజం తట్టి, తరవాతి ఊరు హుటాన్ మెలింటాంగ్, అక్కడ కూడా నవ్వితే ఇకమీదట వేషాలన్నీ నువ్వే చూసుకో, లారీ వెనకాల పోస్టర్ల మధ్య కాదు, నా పక్కన ముందు సీటు నీది అన్నాడు. ఆ ముందు సీటు కోసం నేనప్పుడు ఏమైనా చేసేవాణ్ణి.

ఆదివారం సాయంత్రం, ఎండ ఇంకా చల్లబడలేదు. చేపల మార్కెట్టు వెనక మైదానంలో రింగు కట్టాం. రేవులో పడవలవాళ్ళు, దుకాణాలవాళ్ళు, చుట్టుపక్కల తోటలవాళ్ళు సైకిళ్ళ మీద, మోటారుసైకిళ్ళ మీద వచ్చి నిండిపోయారు. నేను మైకు సరిచూసుకుంటూ తలెత్తితే, ముందు వరసలో బల్ల మీద మా నాన్న. చర్చికి వెళ్ళే తెల్లచొక్కా, తలకు తువ్వాలు, పక్కన అమ్మ, చెల్లి, మా లైను నుంచి పదీ పన్నెండు మంది తెలుగువాళ్ళు. ఇలాంటి ఆటలంటే మా సంఘంలో పెద్దలకు పడదు, ఆయనకైతే అసలే పడదు. అయినా ఎవరి నోటో విని, కొడుకు మైకులో మాట్లాడతాడట అని బస్సెక్కి వచ్చాడు. నన్ను చూసి చెయ్యెత్తాడు. ఆయన మొహం ఎలా వెలిగిపోతోందో నేను చెప్పలేను.

ఇప్పుడు మీరడుగుతారు, అప్పటికింకా సమయం ఉంది కదా, ఆ వేషం మానుకోవచ్చు కదా అని. ఉంది. నా స్నేహితుడు తెరగా కట్టిన టార్పాలిను వెనక తువ్వాలు చుట్టుకుంటున్నాడు, ఇరవై అడుగుల దూరం. వెళ్ళి ఒక్క మాట చెబితే చాలు. అటు చూస్తే తౌకే చేతులు కట్టుకొని నిలబడి ఉన్నాడు. నాన్నకు వినబడకపోవచ్చు, గోలలో ఏం తెలుస్తుంది, తెలిసినా నవ్వులాటే కదా అని నాకు నేనే నచ్చజెప్పుకున్నాను. ఛీ, ఆ ఇరవై అడుగులు నడవనందుకు నన్ను నేను తిట్టుకోని రోజు లేదు. నడవలేదు. మైకు నోటికి పెట్టుకొని ప్రార్థన వీరుడి పేరు అరిచాను.

వాడు నాలుగు దెబ్బలు తిని మోకాళ్ళ మీద పడ్డాడు. తువ్వాలు తీశాడు. "తండ్రీ, తండ్రీ, తండ్రీ." జనం గొల్లుమన్నారు. మా నాన్న లేచి నిలబడ్డాడు. ఆపడానికి లేచాడనుకున్నాను, కాదు. బరిలోకి దిగిన బిడ్డ ఎవడో నిజంగానే దేవుణ్ణి పిలుచుకుంటున్నాడనుకున్నాడు. తలకున్న తువ్వాలు తీసి చేతుల్లో పట్టుకొని, తల వంచి, కళ్ళు మూసుకున్నాడు. ఆయన్ను చూసి అమ్మ లేచింది, చెల్లి లేచింది, మా లైను వాళ్ళందరూ ఒక్కొక్కరే లేచి తలలు వంచారు. వెనకవాళ్ళకు ముందు అర్థం కాలేదు, కూర్చోండని ఒకరిద్దరు అరిచారు. తరవాత ఆ నిలబడినవాళ్ళను చూసి నవ్వు వరస వరసగా ఆగిపోయింది. పాపం నా స్నేహితుడు, నేర్చుకున్నది నేర్చుకున్నట్టు, మోకాలినొప్పి, ఆవు, పడవలు అప్పజెబుతూనే ఉన్నాడు. ఆ పేర్లు వింటుంటే మా నాన్న కనుబొమలు ముడిపడటం నేను చూశాను. చివరి ముక్క వచ్చింది. నా పెద్దోడు పట్నంలో ఉన్నాడు తండ్రీ.

అప్పుడు మా నాన్న కళ్ళు తెరిచాడు. ప్రార్థన మధ్యలో ఆయన కళ్ళు తెరవడం అంతకుముందు నేనెన్నడూ చూడలేదు. రింగువైపు చూడలేదు, తిన్నగా నావైపు చూశాడు. కోపం లేదు ఆ చూపులో, కోపం ఉన్నా బాగుండేది. ఏం జరిగిందో అంతా తెలిసిపోయింది ఆయనకు, తెలిసిపోయిందని నాకూ తెలిసింది. మళ్ళీ కళ్ళు మూసుకున్నాడు. రింగులో నా స్నేహితుడు ఆ నిశ్శబ్దానికి బెదిరిపోయి, ఆమెన్ అని లేవాల్సినవాడు లేవలేక, పౌడరు పిడికిట్లోనే పట్టుకొని నా మొహం వైపు చూస్తున్నాడు. "ఆమెన్" అన్నాడు మా నాన్న గట్టిగా, వాడి తరఫున తనే. లైను వాళ్ళందరూ ఆమెన్ అన్నారు. ఎదుటి మల్లు కొట్టడానికి చేతులు రాక రింగు దిగిపోయాడు, తౌకే గంట కొట్టించాడు, డబ్బులిచ్చి వచ్చినవాళ్ళు ఈలలు వేసి గోల చేశారు. ప్రార్థన వీరుడు అక్కడితో ఆఖరు.

ఆట అయ్యాక నాన్న నాకోసం బస్టాపు దగ్గర నిలబడి ఉన్నాడు. ఏమంటాడో అనుకుంటూ వెళ్ళాను. "అన్నం తిన్నావేటి?" అన్నాడు. తిన్నాను అన్నాను, తినకపోయినా. అమ్మ నా వైపు చూడలేదు. బస్సొచ్చింది, ఎక్కి వెళ్ళిపోయారు. క్షమించు నాన్నా అనే రెండు మాటలు నేను అననే లేదు.

లారీ దగ్గరికి తిరిగొచ్చేసరికి నా స్నేహితుడు మొహం కడుక్కొని కూర్చొని ఉన్నాడు. ఆ పెద్దాయన ఎవరు, నువ్వు నాచేత అనిపించిన ఆ మాటలకు అర్థమేమిటి అని నిలదీశాడు. చెప్పాను. మాట మాటకూ అర్థం చెప్పాను. వాడు నన్ను కొట్టి ఉంటే నా ప్రాణం హాయిగా ఉండేది. కొట్టలేదు, నాతో ఆ తరవాత ఎన్నో రోజులు మాట్లాడలేదు. మరుసటి ఆదివారం తనంతట తానే బస్సెక్కి, దారి అడుక్కుంటూ మా తోటకు వెళ్ళి, మా నాన్న కాళ్ళమీద పడ్డాడట. మా నాన్న వాణ్ణి లేపి, టీ ఇప్పించి, మీ అమ్మ పేరేటి బాబూ, ఒంట్లో ఎలాగుంది అని వచ్చీరాని తమిళంలో అడిగి, ఆవిడ కోసం అక్కడికక్కడే ప్రార్థన చేశాడట. నేను మాత్రం వెళ్ళలేదు. పనుందనీ సెలవు లేదనీ ఉత్తరాలు రాసి, క్రిస్మస్ దాకా మొహం చూపించలేదు.

క్రిస్మస్‌కు వెళ్ళిన సాయంత్రం చాప పరిచారు. నాన్న తువ్వాలు తీశాడు, మోకరిల్లాడు. నేను తల వంచుకొని ఆ మూడు పిలుపుల కోసం ఎదురుచూశాను. వినబడలేదు. కళ్ళెత్తి చూస్తే పెదవులు కదులుతున్నాయి, మాట బయటికి రావడం లేదు. చాలాసేపటికి ఆమెన్ అని ఒక్కటే వినబడింది. వయసు మీద పడింది, గొంతు పోయిందేమో అనుకున్నాను, అనుకోవాలని అనుకున్నాను. ఆ తరవాత ఆయన ఇంకా పదకొండేళ్ళు బతికాడు. నేను కుస్తీ బృందం వదిలేశాను, మళ్ళీ బోర్డులు రాసుకున్నాను, పెళ్ళి చేసుకున్నాను, పిల్లల్ని తీసుకొని ఏడాదికి రెండుమూడు సార్లు వెళ్ళేవాణ్ణి. ఎప్పుడు వెళ్ళినా అంతే, పెదవులు కదిలేవి. మాతో ఎంతో ప్రేమగా ఉండేవాడు, నా పిల్లల్ని భుజాల మీద ఎక్కించుకొనేవాడు, ఆ ఆదివారం సంగతి ఒక్కసారి కూడా ఎత్తలేదు. నేనూ ఎత్తలేదు. ఎత్తకపోవడమే మంచిదనుకున్నాను, ఎంత తెలివితక్కువవాణ్ణి!

ఆయన్ను మట్టిచేసి వచ్చిన రోజు, వచ్చినవాళ్ళంతా వెళ్ళిపోయాక, మా చెల్లితో అన్నాను, నాన్నకు చివరి రోజుల్లో ప్రార్థన చెయ్యడానికి గొంతు లేకుండా పోయింది కదా పాపం అని. చెల్లి నా వైపు వింతగా చూసింది. "గొంతు లేకపోవడమేటన్నయ్యా? మొన్న ఆస్పత్రిలో కూడా గట్టిగానే సేసినాడు, పక్క మంచపోళ్ళు లేసినారు. నువ్వొచ్చిన రోజుల్లోనే లోపల్లోపల సేసుకునేవోడు" అంది. నా మొహం చూసి జాలిపడిందో ఏమో, "నీ ముక్క మాత్రం ఒక్కనాడూ ఒగ్గీలేదు, ఆడి సెయ్యి ఒగ్గీకు అని సెప్పకుండా నిద్దరోయేవోడు కాదు" అంది. నేను చెల్లి ముందే తలబాదుకొని ఏడ్చాను. పదకొండేళ్ళు ఆయన నా కోసం అడుగుతూనే ఉన్నాడు, నాకు వినబడనివ్వకుండా. ఆ ప్రార్థన నా చేతుల్లో పెడితే ఏం చేస్తానో ఆయన ఒకసారి చూశాడు మరి.

ఆ తోట ఇప్పుడు లేదు, లైను ఇళ్ళు కూలగొట్టి ఆయిల్‌పామ్ వేశారు. లైను వాళ్ళందరూ క్లాంగ్ పట్నం వైపు చెదిరిపోయారు. మా సంఘంలో ప్రార్థనలు తమిళంలో కొన్ని, ఇంగ్లీషులో కొన్ని, తెర మీద అక్షరాలు వేస్తారు, అందరూ ఒకేసారి చదువుతారు, ఐదు నిమిషాల్లో అయిపోతుంది. ఎవరూ ముక్కు చీదరు, ఎవరి అన్నమూ మాడదు. మా పిల్లలకు తెలుగు ప్రార్థన కొంత అర్థమవుతుంది, మనవలకు అది కూడా లేదు. మా నాన్న దేవుడితో మాట్లాడిన ఆ తెలుగు మొదటినుంచి చివరిదాకా తెలిసినవాళ్ళు ఇప్పుడు ఇద్దరమే: మా చెల్లి విన్నది కనుక, నేను ఇంకొకడికి నేర్పించాను కనుక. చెల్లికి ఈ మధ్య మరపు వచ్చింది. నాకు మాత్రం ఒక్క మాట పోలేదు. ఒక్కొక్కసారి తలుపు వేసుకొని మోకరిల్లి, కనీసం ఆ చివరి ముక్కైనా నా పిల్లల పేర్లతో ఆయనలా బయటికి అందామని నోరు తెరుస్తాను. మాటలన్నీ వరసగా వస్తాయి, కాని గొంతు మాత్రం ఆయనది కాదు. జనం నవ్వడానికి ఎక్కడ వణకాలో చూసి చూసి నేను దిద్దిన గొంతు అది. అందుకని నోరు మూసుకొని, నేనూ లోపల్లోపలే చేసుకుంటున్నాను.